ఏ మాట నేర్చుకోవాలో ఎవరు చెప్పాలి?

(పెనుకొండలో విద్యార్థులు, ఉపాధ్యాయులు, ఉద్యోగుల ముందు మేం చేసిన ప్రసంగ పాఠం)



మిత్రులు మాకిచ్చిన అంశం పేరు చాలా బరువుగా ఉంది. "విదేశీ భాషల చదువులో విద్యార్థి, ఉపాధ్యాయుల స్వయంప్రతిపత్తి" అట. ఆ కాగితం చేతికొచ్చినప్పుడు మాకు నవ్వొచ్చింది. స్వయంప్రతిపత్తి అన్న మాట మాకు కొత్తదేం కాదు. ధర్నా టెంట్ల కింద, కలెక్టరాఫీసు గేటు ముందర ఇన్నేళ్లుగా వింటున్నదే, అంటున్నదే. నీళ్ల మీద పెత్తనం ఎవరిది, నిధుల మీద ఎవరిది, కొలువుల మీద ఎవరిది అని గొంతు పోయేదాకా అడిగినవాళ్లం. ఒక భాష నేర్చుకోవడం మీద పెత్తనం ఎవరిదని మాత్రం ఎప్పుడూ అడగలేదు. ఈరోజు అది అడుగుదాం. మేం పండితులం కాదు, విలేకరులం. కళ్లారా చూసింది ఎక్కువ చెబుతాం, చదివింది కొంచెం చెబుతాం.

ముందు ఒక నోట్‌బుక్ సంగతి.

మీకందరికీ తెలుసు, 2017 ఏప్రిల్‌లో కియాతో ఒప్పందం కుదిరింది. ఇక్కడికి దగ్గర్లోని ఎర్రమంచిలో 500 ఎకరాలకు పైగా భూమి ఇచ్చారు. గొల్లపల్లి రిజర్వాయరు నీళ్లు ఇచ్చారు. 2019 జనవరిలో ట్రయల్ కారు బయటికొచ్చింది, ఆగస్టులో సెల్టోస్ మార్కెట్లోకి వచ్చింది. ఏడాదికి 3 లక్షల కార్లు చేసే సత్తాతో కట్టిన ఫ్యాక్టరీ. దాంతోపాటు విడిభాగాల కంపెనీలు, వాటితోపాటు కొరియా మనుషులు వచ్చారు. ఒకప్పుడు పెనుకొండ అంటే కోట, గగన్‌మహల్, బాబయ్య దర్గా. ఇప్పుడు హైవే పక్కన కొరియా అక్షరాల బోర్డులు కూడా చేరాయి.

ఆ రోజుల్లో వార్తల కోసం తిరుగుతుంటే ఒక ట్యాక్సీ డ్రైవరు పరిచయమయ్యాడు. పేరు చెప్పం, ఆయనకిష్టం లేదు. టెన్త్ తప్పాడు. ఎందులో? ఇంగ్లీషులో. కొరియా ఇంజనీర్లను రూము నుంచి ఫ్యాక్టరీకి, ఫ్యాక్టరీ నుంచి రూముకు తిప్పడం పని. డ్యాష్‌బోర్డు మీద ఒక రూళ్ల నోట్‌బుక్ ఉంటుంది. ఎడమపక్క కొరియా మాట, తెలుగు లిపిలో. కుడిపక్క మన మాటలో అర్థం. మొదటి పేజీలో నమస్కారం లేదు, ధన్యవాదాలు లేవు. టైము ఉంది! ఎందుకంటే ఆయనకు మొట్టమొదట కావాల్సింది అదే. రేపు పొద్దున ఎన్నింటికి రావాలి?

అక్కడే చిక్కొచ్చింది. కొరియాలో అంకెలు రెండు వరసలు. హానా, తూల్, సేత్ అని ఒకటి, అది వాళ్ల సొంతం. ఇల్, ఈ, సామ్ అని ఇంకొకటి, అది చైనా నుంచి వచ్చింది. గంటలు చెప్పడానికి మొదటి వరస, నిమిషాలకు రెండో వరస. ఎనిమిదిన్నర అనాలంటే 'యొదొల్ షి సమ్‌షిప్ పున్'. గంట ఒక వరసలో, నిమిషం ఇంకో వరసలో, ఒకే వాక్యంలో. ఈ సంగతి ఆయనకు ఎవరూ పాఠంగా చెప్పలేదు. "నేను గంటకు కూడా రెండో లెక్కే ఏసి చెప్తి సామీ, బండిలో ఉన్నోళ్లు పకపకా నవ్విరి. మళ్లా వాళ్లే సరిచేసిరి. ఆ రాత్రే రాసిపెట్టుకుంటి" అన్నాడు. నోట్‌బుక్‌లో ఆ పేజీ మీద రెండు వరసలూ నిలువుగా రాసి, మధ్యన గీత కొట్టి, ఒకదాని మీద 'గంట' అని, ఇంకోదాని మీద 'నిమిషం, రూపాయి' అని ఉంది. వ్యాకరణ పుస్తకం కూడా ఇంతకన్నా బాగా చెప్పదు.

ఆ నోట్‌బుక్ చూసిన చాలా రోజుల తర్వాత మాకు ఒక ఫ్రెంచి ఆయన రాసింది చదివే అవకాశం వచ్చింది. ఆయన పేరు అన్రీ ఒలెక్. ఫ్రాన్స్‌లో నాన్సీ అనే ఊళ్లోని విశ్వవిద్యాలయంలో భాషల కేంద్రంలో పనిచేశాడు. యూరప్ కౌన్సిల్ కోసం ఆయన రాసిన, 1981లో పుస్తకంగా వచ్చిన నివేదిక ఈ అంశం మీద ఇప్పటికీ మొదటి మెట్టు. ఆయన వాదం మా మాటల్లో చెబుతాం. భాష నేర్చుకోవడంలో అయిదు నిర్ణయాలుంటాయి. ఎందుకు నేర్చుకోవాలి, ఏ మాటలు ముందు నేర్చుకోవాలి, ఏ పద్ధతిలో, ఎప్పుడు ఎంత వేగంతో, చివరికి వచ్చిందో లేదో ఎవరు తేల్చాలి. ఈ అయిదూ నేర్చుకునేవాడి చేతిలో ఉంటే, లేదా ఆ చేతికి వచ్చేలా నేర్పితే, అదే స్వయంప్రతిపత్తి. ఇది పుట్టుకతో వచ్చే గుణం కాదు, అలవాటు చేయాల్సిన పని అని కూడా ఆయన గట్టిగా చెప్పాడు.

మన డ్రైవరును ఈ అయిదింటి మీద పెట్టి చూడండి. ఎందుకు? గిరాకీ పోకూడదని. ఏది ముందు? టైము. ఎట్లా? నోట్‌బుక్‌తో, నవ్వులపాలై. ఎప్పుడు? ట్రిప్పుకు ట్రిప్పుకు మధ్యన. వచ్చిందో లేదో ఎవరు తేల్చాలి? పొద్దున ఎనిమిదిన్నరకు బండెక్కే మనిషి. అయిదుకు అయిదు మార్కులు.

ఇప్పుడు ఇదే డ్రైవరు టెన్త్ చదివిన క్లాసును పెట్టి చూడండి. ఎందుకు నేర్చుకోవాలో సర్కారు చెప్పింది. ఏ పాఠం ముందో రాజధానిలో కూర్చున్నవాళ్లు చెప్పారు. పద్ధతి ట్రైనింగులో చెప్పారు. వేగం సిలబస్ క్యాలెండరు చెప్పింది. వచ్చిందో లేదో స్పాట్ వాల్యుయేషన్లో ముఖం కూడా తెలియని ఒకాయన తేల్చాడు. అయిదింట్లో పిల్లోడికి ఒక్కటీ మిగల్లేదు. ఇంకో మాట, అది ముఖ్యమైన మాట: ఆ క్లాసులో నిలబడిన టీచరుకూ ఒక్కటీ మిగల్లేదు.

మేం ఏమీ దీనికి అతీతులం కాదు. ఇంటరు దాకా తెలుగు మీడియం. డిగ్రీలో ఇంగ్లీషు పేపరు గైడు బట్టీపట్టి గట్టెక్కినవాళ్లం. మార్కులు బాగానే వచ్చాయి. ఆ మార్కులతో విలేకరి ఉద్యోగంలో చేరాం. మొదటి ఏడాదే ఒక ప్రెస్‌మీట్‌లో ప్రశ్న అడగాలని లేచి, ఇంగ్లీషులో మొదటి మాట నోటికి రాక మళ్లీ కూర్చున్నాం. అడగాల్సిన ప్రశ్న భూములిచ్చిన రైతుల పిల్లల ఉద్యోగాల గురించి. అది ఆరోజు ఎవరూ అడగలేదు. ఆ సిగ్గు ఇంకా ఉంది. తర్వాత ఇంగ్లీషు ఎట్లా వచ్చిందంటే, డెస్కులో. రాత్రి పదింటికి ఏజెన్సీ కాపీ వచ్చేది, పదకొండుకల్లా తెలుగు చేసి ఇవ్వాలి. తప్పు రాస్తే పొద్దున జనం ఫోన్ చేసి తిట్టేవాళ్లు. పదిహేనేళ్లు బడిలో రానిది రెండేళ్లు డెస్కులో వచ్చింది. మా తెలివి పెరిగి కాదు. అవసరం మాది, పద్ధతి మాది, సరిదిద్దేవాళ్లు మా ముందరి మనుషులు.

ఈ ప్రాంతానికి ఇది కొత్త విద్య కూడా కాదు. హిందూపురం మార్కెట్‌యార్డులో చింతపండు బేరం చూడండి. తెలుగులో మొదలై కన్నడంలో సాగి ఉర్దూలో తెగుతుంది. ధర్మవరం చీరల మూట నెత్తికెత్తుకున్నవాడు బెంగుళూరు సందుల్లో కన్నడం, కంచిలో తమిళం మాట్లాడి వస్తాడు. మడకశిర పక్క ఊళ్లలో ఇంట్లో ఒక భాష, బడిలో ఇంకో భాష. వీళ్లలో ఎవరికీ సర్టిఫికెట్ లేదు. ఈ జనాన్నే బడికి తీసుకొచ్చి బెంచీ మీద కూర్చోబెట్టగానే 'భాషలు రానివాళ్లు' అని ముద్ర వేస్తున్నారు. ఇదెక్కడి న్యాయమప్పా?

మన సీమకే వచ్చిన ఒక పరాయి విద్యార్థిని కూడా గుర్తుచేసుకుందాం. 1820లో కడపకు వచ్చిన చార్లెస్ ఫిలిప్ బ్రౌన్. మద్రాసులో కంపెనీ కాలేజీలో తెలుగు పరీక్ష పాసై వచ్చిన కుర్ర ఉద్యోగి. పాసవడం వేరు, కడపలో రైతు చెప్పేది అర్థం కావడం వేరు. అక్కడి కలెక్టరు హాన్‌బరీ జనంతో ధారాళంగా తెలుగు మాట్లాడటం చూశాక బ్రౌన్‌కు అసలు చదువు మొదలైంది. తనకు కావాల్సిన పండితులను తానే పెట్టుకున్నాడు. తనకు నచ్చిన వేమనను తానే వెతుక్కున్నాడు, 1829లో అచ్చువేశాడు. చాలినంత నిఘంటువు లేదనిపిస్తే చివరికి తానే తయారుచేశాడు. దొర కాబట్టి చేతిలో డబ్బుంది, అధికారం ఉంది, చెల్లింది అంటారేమో. నిజమే. పెత్తనం చేతిలో ఉన్నవాడికి భాష ఎంత తొందరగా లొంగుతుందో అదే సాక్ష్యం అని మేమంటాం.

ఇప్పుడు కొరియా భాష దగ్గరికి మళ్లీ వద్దాం. మా మాటలో అసలు సంగతి ఇక్కడుంది.

చాలాచోట్ల కొరియా భాష మనవాళ్లకు ఇంగ్లీషు మీదుగా నేర్పుతారు. పుస్తకం ఇంగ్లీషులో, వివరణ ఇంగ్లీషులో, కొరియా మాటలు ఇంగ్లీషు అక్షరాల్లో. దాంతో పిల్లలు రెండు కొండలు ఎక్కాలి. కొరియా వాక్యం ఎట్లా ఉంటుందో చూడండి. 'చొనున్ హక్క్యొయే కమ్‌నిదా.' చొనున్ అంటే నేను, హక్క్యొ అంటే బడి, యే అంటే 'కి', కమ్‌నిదా అంటే వెళ్తాను. నేను బడికి వెళ్తాను. ఒక్క మాట కూడా చోటు మారలేదు! క్రియ చివర్న, విభక్తి మాట వెనకాల, అచ్చం మనలాగే. ఇదే ఇంగ్లీషు మీదుగా వెళ్తే, ముందు తెలుగు వాక్యాన్ని తలకిందులు చేసి ఇంగ్లీషు చేయాలి, మళ్లీ దాన్ని తలకిందులు చేసి కొరియా చేయాలి. నేరుగా దాటే కాలవకు రెండుసార్లు మునక.

మర్యాద సంగతి ఇంకా చిత్రం. మనం పిల్లోడిని 'తిను' అంటాం, పెద్దాయనను 'తినండి' అంటాం, ఇంకా మర్యాదగా 'భోంచెయ్యండి' అని మాటనే మార్చేస్తాం. కొరియాలోనూ అంతే. మొగొ, మొగొయొ, ఆ పైన మాటే మారిపోయి తుసెయొ. ఇంగ్లీషులో అందరికీ ఒకటే ఈట్. అన్న, అక్క అన్న తేడా వాళ్లకూ ఉంది, పైగా పిలిచేది ఆడా మగా అన్నదాన్ని బట్టి కూడా పేరు మారుతుంది. మగవాడు అన్నను హ్యొంగ్ అంటాడు, ఆడపిల్ల ఒప్పా అంటుంది. వరసలు తెలిసిన మన పిల్లలకు ఇది చిటికెలో పని. 'బ్రదర్' మీదుగా వెళ్తే తికమక.

ఉచ్చారణ కూడా చూడండి. ఆ దేశ రాజధాని పేరును ఇంగ్లీషు అక్షరాలు చూసి మనం సియోల్ అని రాస్తున్నాం. మా పత్రికల పాపం కూడా ఇందులో ఉంది. వాళ్ల నోట వినండి, 'సొఉల్'కు దగ్గరగా ఉంటుంది. డ్రైవరు నోట్‌బుక్‌లో సొవులు అని ఉంది. టెన్త్ తప్పిన ఆయన చెవి మా డెస్కు కన్నా నయం.

కొందరు మిత్రులు ఇక్కడితో ఆగకుండా కొరియా, ద్రావిడ భాషలు అక్కచెల్లెళ్లు అని చెబుతుంటారు. 1905లో హల్బర్ట్ అనే అమెరికన్ మిషనరీ ఆ పోలికల మీద పుస్తకమే రాశాడు. భాషాశాస్త్రవేత్తలు ఆ చుట్టరికం ఒప్పుకోరు, మనమూ ఉత్సాహపడి నినాదం చేసుకోవద్దు. చుట్టరికం లేకపోయినా పోలిక పనికొస్తుంది. ఇరుగుపొరుగు ఇళ్లు ఒకే ప్లానులో కట్టి ఉంటే చీకట్లో కూడా స్విచ్ దొరుకుతుంది కదా.

మరి ఈ సంగతి ముందుగా ఎవరికి తెలియాలి? క్లాసులో ఉన్న టీచరుకు. ముందర కూర్చున్న పిల్లలు తెలుగు పిల్లలా, ఇంట్లో ఉర్దూ మాట్లాడేవాళ్లా, కన్నడం వాళ్లా అన్నది ఆ టీచరుకే తెలుసు. ఈ మూడు భాషల్లోనూ క్రియ చివర్నే వస్తుంది, మూడింటి నుంచీ కొరియాకు దారి ఉంది. కానీ ఆ దారిన తీసుకెళ్లే స్వేచ్ఛ టీచరుకు ఉండాలి. క్లాసులో తెలుగు మాట వినిపిస్తే తప్పు అన్న రూలు పెట్టినచోట ఆ తెలివంతా వృథా.

పక్కనే బెంగుళూరులో ఈ పని జరిగింది. 1979 నుంచి 1984 దాకా ఎన్.ఎస్. ప్రభు అనే ఆయన దక్షిణాది బడుల్లో ఒక ప్రయోగం నడిపాడు. బెంగుళూరు ప్రాజెక్టు అని ప్రపంచమంతా పేరు. వ్యాకరణం చెప్పకుండా పిల్లల ముందు ఒక పని పెట్టడం. రైళ్ల టైంటేబుల్ ఇచ్చి ఏ రైలెక్కితే ఎప్పుడు చేరతావో తేల్చమనడం, మ్యాపు ఇచ్చి దారి చెప్పమనడం. పని చేస్తుండగా ఇంగ్లీషు దానంతట అదే పట్టుబడుతుందని ఆయన నమ్మకం. 1990లో ఆయనే ఇంకో మాట రాశాడు. అన్నిచోట్లా పనికొచ్చే ఉత్తమ పద్ధతి అంటూ లేదు, తాను చేస్తున్నది ఎందుకు పనిచేస్తుందో టీచరుకు లోపల ఒక నమ్మకం ఉండాలి, అది చచ్చిపోయి యాంత్రికంగా మారితే ఏ పద్ధతైనా దండగే అని. సొంత పద్ధతికి అంత పేరొచ్చిన మనిషి ఈ మాట అన్నాడంటే ఆలోచించండి.

మన దగ్గర ఏం జరిగింది? 2008లో సక్సెస్ స్కూళ్లు అన్నారు. 2019 నవంబరులో జీవో 81 తెచ్చి ఇంగ్లీషు మీడియం అన్నారు, 2020 ఏప్రిల్‌లో హైకోర్టు కొట్టేసింది. 2022 డిసెంబరులో ఎనిమిదో తరగతి పిల్లలకు ట్యాబులు పంచారు. 2023లో మూడో తరగతి నుంచే టోఫెల్ అన్నారు, 2024లో ప్రభుత్వం మారాక ఆపేశారు. ఇందులో ఏది మంచిది, ఏది చెడ్డది అన్న తగవు ఇప్పుడు పెట్టుకోం. ఇంగ్లీషు కావాలనే పేదోడి కోరికను వెక్కిరించే ఉద్దేశం మాకు అసలే లేదు, సొంత పిల్లలను కాన్వెంటుకు పంపి పక్కోడికి తెలుగు గొప్ప చెప్పే పెద్దమనుషులను చాలామందిని చూశాం. మేం అడిగేది ఒకటే. తెచ్చేటప్పుడు క్లాసులో ఉన్న ఏ టీచరునైనా అడిగారా? తీసేటప్పుడైనా అడిగారా?

ఈ పక్కనే ఒక సర్కారు బడిలో ఇంగ్లీషు మేడమ్ ఒకావిడ ఉంది. పిల్లలను రోజుకొక ఇంగ్లీషు మాట వీధి నుంచి ఏరుకురమ్మంది. సిమెంటు బస్తా మీద, లారీ వెనక, పురుగుమందు డబ్బా మీద, తాత మందుచీటీలో. ఒక పిల్ల మందు డబ్బా మీది హెచ్చరిక అర్థం తెలుసుకుని ఇంటికెళ్లి వాళ్ల నాయనతో స్ప్రే కొట్టేటప్పుడు ముఖానికి గుడ్డ కట్టించింది. నెలలో పిల్లలే గోడకు నిఘంటువు కట్టారు. తనిఖీకి వచ్చినాయన గోడ వైపు చూడనేలేదు. "ఏ యూనిట్‌లో ఉన్నావమ్మా, క్యాలెండరు ప్రకారం ఎక్కడుండాలి?" అని అడిగాడు. ఆవిడ మెమో తీసుకుంది. గోడ నిఘంటువు సున్నంలో కలిసిపోయింది. పిల్లోడి చేతికి పెత్తనం ఇవ్వాలనుకునే టీచరు చేతిలోనే పెత్తనం లేకపోతే ఏం ఇస్తుంది?

ఇదే పని డెన్మార్క్‌లో లెనీ డామ్ అనే బడి పంతులమ్మ 1970ల నుంచి చేసింది. మామూలు బడి, చదువంటే విసుగెత్తిన మామూలు పిల్లలు. ఈరోజు ఏం చేద్దాం, ఇంటి దగ్గర ఏం చేస్తారు అని పిల్లలనే అడిగేది. ప్రతి పిల్లకూ ఒక దినచర్య పుస్తకం. ఏం చేశాను, ఏం వచ్చింది, ఏం రాలేదు, రేపేం చేస్తాను. మన డ్రైవరు నోట్‌బుక్కే అది! తేడా ఏమిటంటే అక్కడ ఆ నోట్‌బుక్‌కు బడిలో చోటు దొరికింది, ఆవిడ పుస్తకాలు రాసి లోకానికి చెప్పింది.

ఇక్కడ ఒక హెచ్చరిక చెయ్యాలి. నేర్చుకునేవాడికి స్వేచ్ఛ అన్న మాటను పాలకులు అందిపుచ్చుకుంటే ఏమవుతుందో మాకు తెలుసు. "పిల్లలే నేర్చుకుంటారు, ట్యాబు ఇచ్చాం కదా" అని టీచరు పోస్టు ఖాళీగా ఉంచుతారు. అది స్వయంప్రతిపత్తి కాదు, గాలికొదిలేయడం. డామ్ క్లాసులో రోజూ డామ్ ఉంది. డ్రైవరుకు బండిలో సరిదిద్దే మనిషి ఉన్నాడు. మనిషి లేని స్వేచ్ఛ ఎవరికి కావాలి?

కొలువుల సంగతి ఒక్క ముక్క. 2019లో స్థానికులకు 75 శాతం ఉద్యోగాలని చట్టం చేశారు. తగినవాళ్లు దొరక్కపోతే శిక్షణ ఇచ్చి తీసుకోవాలని కూడా అందులో ఉంది. మంచిదే. శిక్షణ అంటే మిషను తిప్పడం ఒక్కటేనా? లైన్ మీద పనిచేసేవాడు సూపర్‌వైజరు కావాలన్నా, కొరియా ఇంజనీరుతో "ఈ పద్ధతి తప్పు సార్" అని చెప్పాలన్నా మాట కావాలి. మాట మధ్యవర్తి చేతిలో ఉంటే మనోడు ఎప్పటికీ తల ఊపేవాడే. 2020 జాతీయ విద్యావిధానంలో ఉన్నత పాఠశాలల్లో నేర్పదగిన విదేశీ భాషల్లో కొరియా పేరుంది. కాబట్టి పెనుకొండ, హిందూపురం, ధర్మవరం జూనియర్ కాలేజీల్లో కోరినవాళ్లకు కొరియా క్లాసు పెట్టమని అడుగుదాం. అడిగేటప్పుడే ఇంకో రెండు కూడా అడుగుదాం. తెలుగు మీదుగా నేర్పే పుస్తకం ఇక్కడి టీచర్లే రాసుకోవాలి. వారానికి కనీసం ఒక పీరియడ్ టీచరూ పిల్లలూ కలిసి నిర్ణయించుకున్న పాఠం జరగాలి, దానికి ఏ క్యాలెండరూ అడ్డురాకూడదు. వినతిపత్రం తెలుగులోనే రాద్దాం. ఇంగ్లీషు కాపీ కావాలంటే మేం చేసిపెడతాం, ఇప్పుడు మాకొచ్చు.

డ్రైవరన్న ఒప్పుకుని ఇచ్చాడు కాబట్టి ఆ నోట్‌బుక్ జిరాక్సులు నలభై తెచ్చాం, వెనక బల్ల మీద ఉన్నాయి. ఆయన పేరు, ఫోన్ నంబరు ఉన్న పేజీ తీసేశాం. చివర కొన్ని ఖాళీ పేజీలు అట్లాగే ఉంచాం. ఉర్దూ, కన్నడం తెలిసిన మిత్రులు పక్కన ఇంకో గీత గీసి మీ మాట కూడా రాయండి. ముగ్గురు టీచర్లు ప్రశ్నలున్నాయని చీటీలు పంపారు, ముందు వాళ్లను మాట్లాడనిద్దాం.